ఎండ రాని కిటికీ

ఊళ్ళో అందరూ ఆమెను తాళాలమ్మ అనేవారు. నడుముకు వేలాడే తాళాల గుత్తి ఆమెకంటే ముందే గలగలమంటూ వచ్చేది కాబట్టి ఆ పేరు. పుట్టింది ఆ వీధిలోనే. చదివిన నాలుగు ముక్కలూ వీధి చివరి బళ్ళోనే. పెళ్ళయ్యాక అత్తారింటికి వెళ్ళడమంటే మూడిళ్ళ అవతలికి వెళ్ళడం. ఆ రోజు తల్లి భోరుమంటుంటే తండ్రి, "కాస్త నెమ్మదిగా ఏడు, అక్కడికి వినిపిస్తుంది," అన్నాడట. భర్త బేకరీలో పనిచేసేవాడు. ఆయన పోయాక మళ్ళీ ఆ మూడిళ్ళూ వెనక్కి నడిచి పుట్టింటికే వచ్చేసింది. ఆమె జీవితంలో చేసిన పెద్ద ప్రయాణాలు ఈ రెండే.

ఆ వీధికి పేరు వచ్చింది మాత్రం ఎదురింటి మేడమీద అద్దెకుండి వెళ్ళిపోయిన ఒక పిల్లవాడి వల్ల. ఆ పిల్లవాడు పెద్దయ్యాక సినిమాలు తీశాడు. భాష తెలియనివాళ్ళు కూడా చూసి కళ్ళు తుడుచుకునేంత గొప్ప సినిమాలు. దాంతో అప్పటిదాకా మేకులూ దారపు ఉండలూ కొనేవాళ్ళు తప్ప ఎవరూ తొంగిచూడని ఆ ఇరుకు వీధికి, మెడలో కెమెరాలు వేసుకున్నవాళ్ళు రావడం మొదలైంది. మున్సిపాలిటీవారు ఆ మేడను కొనేసి, సున్నం కొట్టించి, 'డైరెక్టరుగారు పుట్టి పెరిగిన ఇల్లు' అని బోర్డు పెట్టారు. పుట్టిన మాట నిజం. పెరగడం అంటారా, పాలపళ్ళన్నీ ఊడేలోపే తండ్రికి బదిలీ అయి కుటుంబమంతా తట్టాబుట్టా సర్దుకుని వెళ్ళిపోయింది. అయినా బోర్డుమీద అంత వివరం ఎవరు రాస్తారు?

ఇంటిని చూసుకోవడానికి వీధిలో పాతకాపు ఎవరని వాకబు చేస్తే అందరి వేళ్ళూ ఆమెవైపే చూపించాయి. అలా తాళాలు ఆమె నడుముకు ఎక్కాయి. అంతకుముందు ఆమె బట్టల ఫ్యాక్టరీలో చొక్కాలకు కాజాలు కుట్టేది. ఆ మిషన్ల హోరులో పక్కమనిషికి వినపడాలంటే అరవాల్సిందే. ఉద్యోగం వదిలినా ఆ గొంతు ఆమెను వదల్లేదు. మేడమీద ఆమె మామూలుగా మాట్లాడినా వీధి అవతలికి స్పష్టంగా వినిపించేది.

వీధి అవతల, వాళ్ళ పుట్టింటి ముందుగదిలోనే ఉన్నది ఆమె అన్నయ్య రేకుల కొట్టు. తండ్రి చేతినుంచి వచ్చిన పని. గరాటులు, బకెట్లు, ట్రంకు పెట్టెలు, పొగగొట్టాలు, ఏం కావాలన్నా రేకు కత్తిరించి, అంచు మడిచి, సుత్తితో కొట్టి చేసిపెట్టేవాడు. ఊళ్ళో గరాటు మేస్త్రీ అంటే చాలు, చిన్నపిల్లలు కూడా దారి చూపించేవారు. బాగా పొడుగు మనిషి. ఆ కొట్టు గుమ్మం పొట్టిది. రోజుకి పదిసార్లు వంగి వంగి చివరికి నడుము అలాగే ఉండిపోయింది. పెళ్ళి చేసుకోలేదు. ఎందుకని ఎవరైనా అడిగితే, "ఈ రేకుల చప్పుడు నాకే తలనొప్పి, ఇంకొకరిని కూడా ఎందుకు పిలవడం?" అనేవాడు. బయట నోట్లో నాలుక లేని మనిషిగా పేరు. చెల్లెలి దగ్గర మాత్రం హాస్యాలకు లోటుండేది కాదు.

తాళాలమ్మకు చిన్నప్పటినుంచీ అన్నయ్య దగ్గర తీసుకోవడమే అలవాటు. బళ్ళో పెన్సిలు పోతే అన్నయ్య పెన్సిలు. తన రొట్టె తినేశాక అన్నయ్య రొట్టెలో సగం. చలిగా ఉందని గోల చేసి అన్నయ్య పడుకునే పొయ్యి పక్క మంచం, అతను కిటికీ పక్కకు మారాక ఉక్కగా ఉందని గోల చేసి మళ్ళీ కిటికీ పక్కది. అడిగితే ఇచ్చేవాడు. అడక్కుండా తీసుకున్నా ఊరుకునేవాడు. అన్నయ్యదంటే తనదే అన్న లెక్క ఆమెలో ఎప్పుడు స్థిరపడిందో ఆమెకే తెలియదు. తర్వాత జరిగినదంతా ఆ లెక్కలోంచే వచ్చింది.

తాళాలు తీసుకున్న మొదటి రోజుల్లో ఆ ఇల్లు చూపించడమంటే ఆమెకు తల కొట్టేసినట్టుండేది. చూపించడానికి ఏముందని? గోడలు, ఒక కిటికీ, పెద్దయ్యాక తీయించుకున్న డైరెక్టరుగారి ఫొటో. వచ్చినవాళ్ళు మర్యాదగా అటూ ఇటూ తిరిగి, "చిన్నప్పుడు ఆయన ఎలా ఉండేవారు?" అని అడిగేవారు.

"మఫ్లరు కట్టుకుని ఆ కిటికీ దగ్గర కూర్చునేవారండి."

"తర్వాత?"

"దగ్గేవారండి."

అంతకుమించి ఆమెకు తెలియదు. ఆ పిల్లవాడికి ఊపిరితిత్తుల జబ్బు. తల్లి గడప దాటనిచ్చేది కాదు. ఎంత దూరంనుంచో వచ్చినవాళ్ళు ఒక దగ్గు సంగతి విని మొహాలు వేలాడేసుకుని మెట్లు దిగుతుంటే, పిలిచి అన్నం పెట్టకుండా పంపినట్టు ఆమెకు సిగ్గేసేది.

ఒక మధ్యాహ్నం ఒక పత్రిక నుంచి అమ్మాయి వచ్చింది. కొత్తగా ఉద్యోగంలో చేరినట్టుంది. ఎండలో నడిచి మొహం కందిపోయింది. గదంతా తిరిగి, ఉస్సూరంటూ కిటికీ అరుగుమీద కూర్చుని, "అమ్మా, మీరు ఆయన్ని చిన్నప్పుడు చూశారు కదా. ఏదో ఒకటి గుర్తుచేసుకుని చెప్పండమ్మా. ఉత్త చేతులతో వెళ్తే మా ఎడిటర్ నన్ను బతకనివ్వడు," అంది.

తాళాలమ్మకు జాలేసింది. కిటికీలోంచి చూస్తే ఎదురుగా కొట్టులో అన్నయ్య ఏదో రేకు కత్తిరిస్తున్నాడు.

"రేకు ముక్కల్లో బొమ్మలు కత్తిరించేవాడమ్మా," అంది. "అద్దం పట్టుకుని, ఆ బొమ్మల్లోంచి ఎండని ఎదురింటి గోడమీదికి కొట్టేవాడు. గుర్రం పరిగెత్తేది. ఓడ ఊగుతూ వెళ్ళేది. గొడుగు పట్టుకున్న మనిషి గాలికి ఎగిరిపోయేవాడు. వీధిలో పిల్లలందరం నోళ్ళు తెరుచుకుని చూసేవాళ్ళం."

అమ్మాయి కళ్ళు ఇంతలయ్యాయి. గబగబా రాసుకుంది. తాళాలమ్మ చెప్పినదాంట్లో గుర్రం నిజం, ఓడ నిజం, నోళ్ళు తెరుచుకోవడం కూడా నిజం. చేసినవాడు మాత్రం మేడమీది పిల్లవాడు కాదు, వీధిలో ఉన్న పిల్లవాడు.

ఆ బొమ్మలు కత్తిరించింది ఆమె అన్నయ్య. తండ్రి కొట్టులో మిగిలిన రేకు ముక్కలు ఏరుకుని, వేళ్ళు కోసుకుంటూ, గుర్రం ఆకారంలో, ఓడ ఆకారంలో కన్నాలు చేసేవాడు. మేడమీద జబ్బుపిల్లవాడు కిటికీకి మొహం ఆనించి వీధికేసి ఆశగా చూస్తుంటే అతని మనసు ఆగేది కాదు. ఆ గది ఉత్తరం మొహం. ఏడాది పొడుగునా అందులోకి ఎండన్నది రాదు. ఎండ పడేది వీళ్ళ వాకిట్లో. అందుకని అన్నయ్య వాకిట్లో స్టూలు ఎక్కి, అద్దంలో సూర్యుణ్ణి పట్టి, రేకుబొమ్మలోంచి ఆ గదిలోకి పంపేవాడు. అంచులు కాస్త అలుక్కుపోయినట్టున్నా గుర్రం గుర్రంలాగే ఉండేది. కిటికీలోంచి దూరి గది కప్పుమీద పరిగెత్తేది. లోపల్నుంచి దగ్గూ నవ్వూ కలిసి వినిపించేవి. ఇదంతా రోజూ అన్నయ్య పక్కన నిలబడి స్టూలు కదలకుండా పట్టుకున్న చెల్లెలికి తెలియంది కాదు.

పత్రికలో పడ్డాక ఇక చెప్పేదేముంది? వచ్చిన ప్రతివాళ్ళూ, "ఆ గుర్రం కథ చెప్పండి," అనేవారు. చెప్పేకొద్దీ కథకు నునుపొచ్చింది. ఎక్కడ ఆగాలో, ఎక్కడ కిటికీ అరుగుమీద చెయ్యి వేయాలో, గొడుగు మనిషి ఎగిరిపోయేటప్పుడు గొంతు ఎంత తగ్గించాలో ఆమెకు తెలిసిపోయింది. జనం మొహాలు వెలిగిపోతూ దిగివెళ్ళేవారు. ఆమె కూడా ఆ వెలుగులో కాస్త పొడుగయ్యేది, అబద్ధమెందుకు.

మొదట్లో కొట్టులోంచి అది విని అన్నయ్య నవ్వేశాడు. సాయంత్రం ఆమె ఇంటికి రాగానే టీ గ్లాసు అందిస్తూ, "ఏమ్మా, ఇవాళ నేనేం చేశాను?" అని అడిగేవాడు. ఇంకోరోజు, "అంతా బాగానే ఉంది గానీ చెల్లీ, ఆ కిటికీలోకి ఎండ ఎప్పుడొచ్చింది?" అన్నాడు.

"వచ్చినవాళ్ళలో ఎవరూ అడగలేదులే," అంది ఆమె.

"వాళ్ళు సినిమావాళ్ళు. దీపాలు పెట్టుకుంటారు," అన్నాడు. ఇద్దరూ నవ్వుకున్నారు. అప్పట్లో అది వాళ్ళిద్దరి మధ్య ఒక సరదా.

సరదా కాకుండా పోయింది అద్దాల పెట్టె వచ్చిన రోజున. గదిలో చూపించడానికి ఏదైనా వస్తువుంటే బాగుండునని మున్సిపాలిటీ ఆఫీసరు అన్నాడు. ఆ రేకుబొమ్మలు ఏమైనా మిగిలాయా అని అడిగాడు. మిగిలాయి, కొట్టులో మేకుకి వేలాడుతూనే ఉన్నాయి. తాళాలమ్మ అడిగిందే తడవుగా అన్నయ్య దించి, గుడ్డతో తుడిచి ఇచ్చేశాడు. "తీసుకెళ్ళు. ఇక్కడ తుప్పు పట్టడం తప్ప ఏం చేస్తున్నాయి?" అన్నాడు. తర్వాత ఒక రోజు మేడమీదికి వచ్చి చూశాడు. అద్దాల పెట్టెలో, నీలం గుడ్డమీద గుర్రం, ఓడ, గొడుగు మనిషి. కింద అచ్చులో, 'డైరెక్టరుగారు బాల్యంలో తమ స్వహస్తాలతో చేసిన రేకుబొమ్మలు.' అన్నయ్య అది రెండుసార్లు చదివాడు. చొక్కా చేత్తో అద్దంమీది మరక తుడిచాడు. "అద్దం మంచిది వేశారు," అని మెట్లు దిగిపోయాడు.

ఆ రోజునుంచి సాయంత్రాలు 'ఇవాళ నేనేం చేశాను' అని అడగడం మానేశాడు. తాళాలమ్మ గమనించింది. గమనించి ఊరుకుంది. తెల్లారేసరికి జనం వచ్చేవారు, నోరు దానంతట అదే కథ ఎత్తుకునేది. తప్పు చేస్తున్నానని తెలియక కాదు, మానడానికి దారి కనిపించక. ఇవాళ మానేస్తే నిన్నటిదాకా చెప్పినదాని సంగతేమిటని ఎవరైనా అడుగుతారు కదా!

అలా ఉండగా డైరెక్టరుగారే వస్తున్నారన్న కబురు వచ్చింది. వయసు మీదపడింది, ఒక్కసారి పుట్టిన ఇల్లు చూసుకోవాలని ఉందట. ఊరంతా ఎగిరి గంతేసింది. తాళాలమ్మకు మాత్రం పైప్రాణాలు పైనే పోయాయి. ఆయన ఆ పెట్టె చూసి, 'ఇవి నేను చెయ్యలేదే' అంటే? అందరి ముందూ తలకాయ ఎక్కడ పెట్టుకోవాలి? ఒక్కో క్షణం, ఆయన అలా అనేస్తే బాగుండును, ఈ పీడ వదిలిపోతుంది అని కూడా అనుకుంది.

అన్నయ్య మాత్రం ఉషారుగా ఉన్నాడు. పెట్టెలోంచి మంచి చొక్కా తీసి, తనే ఇస్త్రీ చేసుకున్నాడు. గడ్డం గీసుకున్నాడు. గోళ్ళ సందుల్లో మసి పోయేదాకా రుద్దుకున్నాడు. "గుర్తుపడతాడంటావా?" అని అడిగాడు.

"ఏమో అన్నయ్యా, పెద్దవాళ్ళు."

"గుర్రం గుర్తుంటుందిలే. నేను గుర్తుండకపోయినా పరవాలేదు," అన్నాడు.

ఆ రోజు వీధి కిక్కిరిసిపోయింది. అన్నయ్య కింద గేటు దగ్గర జనంలో నిలబడ్డాడు. అందరికంటే ఎత్తు కాబట్టి మేడమీదినుంచి ఆమెకు కనిపిస్తూనే ఉన్నాడు. డైరెక్టరుగారు కర్ర పట్టుకుని నెమ్మదిగా మెట్లెక్కి వచ్చారు. బక్కపల్చని మనిషి, గొంతుకు ఇప్పటికీ మఫ్లరే. ఆఫీసరు పెట్టె దగ్గరికి తీసుకెళ్ళాడు. ఆయన వంగి చాలాసేపు చూశారు. గుర్రం ఉన్నచోట అద్దంమీద వేలు ఆనించారు. విలేకరులు, "మీరు ఇవి ఏ వయసులో చేశారు సార్?" అని అడిగారు.

ఆయన తలెత్తి తాళాలమ్మకేసి చూశారు. కోపంగా కాదు. "నా చిన్నతనం నాకంటే ఈవిడకే బాగా గుర్తున్నట్టుంది," అన్నారు. అందరూ నవ్వి చప్పట్లు కొట్టారు. తన అబద్ధం తెలిసి కూడా ఆయన కాపాడారని ఆమెకు అర్థమైంది. సిగ్గుతో చచ్చిపోయింది.

అందరూ కిందికి కదిలారు. ఆయన మాత్రం గుమ్మం దగ్గర ఆగి, ఆఫీసరుకు వినపడకుండా, నెమ్మదిగా ఆమెను అడిగారు. "ఎదురింట్లో ఒక పొడుగాటి అబ్బాయి ఉండేవాడు. స్టూలెక్కి నిలబడేవాడు. ఉన్నాడా అమ్మా?"

ఉన్నాడండి అంటే సరిపోయేది. కిటికీలోంచి ఒక్క కేక వేస్తే అన్నయ్య పైకి వచ్చేవాడు. కానీ వస్తే ఇద్దరూ మాట్లాడుకుంటారు. మాట్లాడుకుంటే గుర్రం సంగతి వస్తుంది. మెట్లమీద కెమెరాలు ఉన్నాయి, ఆఫీసరు ఉన్నాడు, ఇన్నేళ్ళుగా ఆమె కథ విని వెళ్ళిన వాళ్ళందరూ ఉన్నట్టే. ఇదంతా తెలిసే చెప్పింది.

"ఎదురింటి అబ్బాయా? పోయాడండి," అంది. "చాలా ఏళ్ళయింది."

కథ చెప్పేటప్పుడు తప్ప ఆ గొంతు తగ్గించడం ఆమెకు ఎప్పుడు చేతనైంది గనక. ఎప్పుడూ మాట్లాడేంత గట్టిగానే అంది. ఆయన మొహం ముడుచుకుపోయింది. "అయ్యో," అన్నారు. కాసేపు కిటికీకేసి చూసి, కర్ర తడుముకుంటూ మెట్లు దిగిపోయారు. ఆమె గుమ్మంలోనే నిలబడిపోయింది. కొంతసేపయ్యాక కిటికీలోంచి చూస్తే కారు కదిలిపోతోంది. అన్నయ్య గేటు దగ్గర జనంలోనే ఉన్నాడు, చెయ్యి సగం ఎత్తి.

సాయంత్రం అన్నయ్య మంచి చొక్కా విప్పి మడత పెడుతూ అడిగాడు. "నా గురించి ఏమైనా అడిగారా?"

"లేదన్నయ్యా."

"అంతేలే," అన్నాడు. "ఎంతమందిని చూసిన మనిషి."

ఆ మాటకు ఆమె ఆ రాత్రి అన్నం ముట్టలేదు. చెబుదామనుకుంది. ఆయనకు ఉత్తరం రాయిద్దాం, నిజం చెప్పేద్దాం, రేపు చూద్దాం అనుకుంది. ఆ రేపు రాకముందే, తర్వాతి ఏడాది, డైరెక్టరుగారు పోయారు. ఆ పొడుగాటి అబ్బాయి తనకంటే ముందే పోయాడని నమ్ముతూనే ఆయన వెళ్ళిపోయారు. ఇక దిద్దుకోవడానికి అటువైపు మనిషే లేడు.

ఇటువైపు మనిషి కూడా కొద్దికొద్దిగా జారిపోవడం మొదలుపెట్టాడు. ముందు కొట్టు తాళం ఎక్కడ పెట్టాడో మర్చిపోయేవాడు. తర్వాత గరాటుకు అడుగు వేసేసి, ఇదేమిటి మూసుకుపోయిందని తనే నవ్వాడు. ఇంకొన్నాళ్ళకు కత్తెర పట్టుకుని ఏం కత్తిరించాలో తెలియక కూర్చుండిపోయాడు. కొట్టు మూసేశారు. పొద్దున్నే ఆమె అతన్ని వాకిట్లో కుర్చీలో కూర్చోబెట్టి ఎదురుగా పనికి వెళ్ళేది. పైనుంచి కనిపిస్తూ ఉంటాడని ధైర్యం. అతను రోజంతా ఎండలో కూర్చుని, మేడమీది కిటికీలోంచి వచ్చే చెల్లెలి గొంతు వింటూ ఉండేవాడు.

డాక్టరు చూసి, "కొత్తవి నిలవవమ్మా. పాతవి కూడా అన్నీ ఉండవు. మళ్ళీ మళ్ళీ చెవిన పడేవి మాత్రం కొంతకాలం ఉంటాయి. ఇంట్లో పాత సంగతులు మాట్లాడుతూ ఉండండి," అన్నాడు.

ఆమె ఆ సాయంత్రమే మొదలుపెట్టింది. "అన్నయ్యా, రేకులో గుర్రం చేసేవాడివి, గుర్తుందా?"

"నేనా?" అన్నాడు అన్నయ్య. "నేనెందుకు చేస్తాను? అది డైరెక్టరుగారు చేసింది కదా."

తాళాలమ్మ అతని ముందుకు జరిగి కూర్చుంది. "కాదన్నయ్యా, నువ్వే. స్టూలెక్కేవాడివి. నేను పట్టుకునేదాన్ని."

"ఊరుకో చెల్లీ. పెద్దవాళ్ళ సంగతులు మనకి అంటగట్టకు, బాగుండదు," అని చిరాకుపడ్డాడు.

మర్నాడు చెప్పింది. ఆ మర్నాడూ చెప్పింది. అతను నమ్మలేదు. ఎలా నమ్ముతాడు? ఇంట్లో ఆమె చెప్పినది నాలుగు రోజులు, ఎదురు కిటికీలోంచి చెప్పినది ఏళ్ళ తరబడి. మళ్ళీ మళ్ళీ చెవిన పడినదే నిలుస్తుందన్నాడు డాక్టరు. నిలిచింది. పెన్సిలు తీసుకుంది, రొట్టె తీసుకుంది, మంచం తీసుకుంది. చివరికి అతని బుర్రలో మిగిలిన ఒక్క మంచి రోజు కూడా తీసుకుని ఎవరికో ఇచ్చేసింది. ఆ సంగతి తలుచుకుంటే ఆమెకు తనమీద తనకే అసహ్యం వేసేది. పొయ్యి దగ్గర నిలబడి ఏడ్చేది. అతను చూస్తే ఉల్లిపాయలంటూ సర్దేసేది.

అప్పుడు ఆమెకు ఒక ఆలోచన తట్టింది. ఏ గొంతు ఆ గదిలోంచి అబద్ధం చెప్పిందో అదే గొంతు అక్కడినుంచే నిజం చెప్పాలి, అన్నయ్యను పక్కన నిలబెట్టుకుని, పదిమంది ముందు. తాళాలు పోతే పోయాయి. ఊరు నవ్వితే నవ్వింది. ఇన్నాళ్ళకు ఆ భయం ఆమెకు భయంలా అనిపించలేదు.

సినిమా పాఠాలు చెప్పే ఒక టీచరమ్మ తన విద్యార్థులను తీసుకొచ్చిన రోజున, తాళాలమ్మ అన్నయ్యను చెయ్యి పట్టుకుని మెట్లెక్కించి, కిటికీ పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టింది. ఇస్త్రీ చొక్కా తొడిగింది. పెట్టె పక్కన నిలబడి మొదలుపెట్టింది.

"ఇక్కడ రాసినది తప్పండి. ఈ బొమ్మలు డైరెక్టరుగారు చెయ్యలేదు. మా అన్నయ్య చేశాడు, ఇడుగో. ఆయన జబ్బుగా ఉంటే చూసి సంతోషిస్తారని, కింద మా వాకిట్లోంచి ఎండని ఈ గదిలోకి పంపేవాడు. ఇన్నాళ్ళూ నేనే అబద్ధం చెప్పాను."

తాళాలమ్మకు ఒక్కసారి ఒళ్ళు తేలికైంది. ఇంత సులువైన పనికా ఇన్నేళ్ళు పట్టింది అనుకుంది. టీచరమ్మ అన్నయ్య వైపు తిరిగి, గౌరవంగా, "మీరు చేశారా సార్?" అని అడిగింది.

అన్నయ్య అందరి మొహాలూ ఒకసారి చూశాడు. కుర్చీలోంచి లేచాడు. నడుము వీలైనంత నిటారుగా చేసి, కిటికీ దగ్గరికి నడిచి, అరుగుమీద చెయ్యి వేశాడు.

"రేకు ముక్కల్లో బొమ్మలు కత్తిరించేవారండి డైరెక్టరుగారు," అన్నాడు. "అద్దం పట్టుకుని, ఆ బొమ్మల్లోంచి ఎండని ఎదురింటి గోడమీదికి కొట్టేవారు. గుర్రం పరిగెత్తేది. ఓడ ఊగుతూ వెళ్ళేది." అక్కడ ఆగాడు, ఆమె ఆగినంతసేపే. గొంతు తగ్గించాడు, ఆమె తగ్గించినంతే. "గొడుగు పట్టుకున్న మనిషి గాలికి ఎగిరిపోయేవాడు. వీధిలో పిల్లలందరం నోళ్ళు తెరుచుకుని చూసేవాళ్ళం. నేను కూడా చూశాను."

ఒక్క మాట పొల్లుపోలేదు. తన పేరు తనకు గుర్తులేని రోజులున్నాయి అతనికి. ఇది మాత్రం గుర్తుంది. విద్యార్థులు చప్పట్లు కొట్టారు. కళ్ళారా చూసిన మనిషి దొరికాడని అతని చుట్టూ చేరి ఫొటోలు తీసుకున్నారు. అతను చంటిపిల్లాడిలా మురిసిపోయాడు. టీచరమ్మ తాళాలమ్మను పక్కకు తీసుకెళ్ళి భుజంమీద చెయ్యి వేసి, "మీ అన్నయ్యంటే మీకెంత ప్రేమో తెలుస్తోందమ్మా. మా అన్నయ్య గురించి నాకూ అలాగే చెప్పాలనిపిస్తుంది," అంది. తాళాలమ్మ కాదనబోయింది. టీచరమ్మ అప్పటికే పిల్లలను లెక్కపెట్టుకుంటూ మెట్లవైపు నడిచింది.

అందరూ వెళ్ళాక ఇంటికి తాళం వేసి, అన్నయ్య చెయ్యి పట్టుకుని వీధి దాటించింది. వాకిట్లో కుర్చీలో కూర్చోబెట్టి, కాళ్ళ దగ్గర మెట్టుమీద కూలబడింది. మిగిలిన ఒక్క మాటైనా చెప్పకపోతే ఊపిరాడదనిపించింది.

"అన్నయ్యా, డైరెక్టరుగారు వచ్చిన రోజు, నీ గురించి అడగలేదని చెప్పాను కదా. అడిగారు. ఎదురింట్లో స్టూలెక్కే పొడుగాటి అబ్బాయి ఉన్నాడా అని అడిగారు."

అన్నయ్య కనుబొమలు ముడిచి ఆలోచించాడు. "ఆ అబ్బాయా? పాపం, పోయాడు కదా," అన్నాడు. "నువ్వే చెప్పావుగా ఆయనతో, చాలా ఏళ్ళయిందని. నేను గేటు దగ్గర ఉన్నాను. కిటికీలోంచి వినపడింది."

తాళాలమ్మ తల ఎత్తలేకపోయింది. విన్నాడు. ఆ రోజే విన్నాడు. విని, సాయంత్రం చొక్కా మడత పెడుతూ, తన గురించి ఏమైనా అడిగారా అని అడిగాడు. ఒక్క నిజం చెప్పడానికి చెల్లెలికి చోటు ఇచ్చి చూశాడు. ఆమె లేదంది. అంతేలే అని, మర్నాడు ఎప్పట్లాగే టీ గ్లాసు చేతికిచ్చాడు.

ఆమె భుజాలు కదిలిపోతుంటే అన్నయ్య వంగి, మొరటు చేత్తో తల నిమిరాడు.

"ఏడవకు చెల్లీ," అన్నాడు. "ఆ అబ్బాయి నీకు అంత బాగా తెలుసా?"